పిలిస్తే పలికే షిప్: నో మ్యాన్స్ స్కై ఆడేవాళ్లకు సమగ్ర మార్గదర్శి

మా పిన్ని కొడుకు అనంతపురం నుంచి ఉద్యోగానికి బెంగళూరు వచ్చాడు. మారతహళ్లిలో ఒక పీజీలో ఉంటున్నాడు. నేనుండేది బెళ్లందూరులో. వారమంతా ఇద్దరికీ ఆఫీసూ ట్రాఫిక్కూ సరిపోతుంది. ఆదివారం మాత్రం నో మ్యాన్స్ స్కై ఆడుకుంటాం. అంతరిక్ష నౌకలో గ్రహం నుంచి గ్రహానికి తిరిగే వీడియో గేమ్ అది. ఆట వాడికి అలవాటు చేసింది నేనే. మొదలుపెట్టిన రెండో వారంలో ఫోన్ చేశాడు.

"అన్నా, షిప్‌ని ఎంత పిలిచినా రావట్లేదు. గేమ్‌లో ఏదో బగ్ ఉన్నట్టుంది."

"లాంచ్ థ్రస్టర్‌లో ఎంత మిగిలింది రా?"

"అదెక్కడ చూడాలన్నా?"

బగ్ కాదు, షిప్‌ని నేల మీంచి లేపే లాంచ్ థ్రస్టర్ ట్యాంకు ఖాళీ. వాడు నిలబడ్డ చోటికీ షిప్ ఉన్న చోటికీ మధ్య పావుగంట నడక. పైన విషపు వాన. ఆ సాయంత్రం ఫోన్‌లో వాడికి చెప్పినవీ, ఆ తర్వాత ఒక్కొక్కటిగా నేర్పినవీ ఇక్కడ వరసగా రాస్తున్నాను. ఆట మెనూలు ఇంగ్లీషులోనే ఉంటాయి కాబట్టి, తెర మీద కనబడే పేర్లను అలాగే తెలుగు లిపిలో ఇస్తున్నాను.

కొత్తవాళ్ల కోసం ఒక్క మాట. ఇంగ్లండ్‌లోని గిల్డ్‌ఫర్డ్ ఊళ్లో ఉన్న హలో గేమ్స్ అనే చిన్న సంస్థ ఈ ఆటను 2016 ఆగస్టులో విడుదల చేసింది. ఇందులోని గ్రహాల సంఖ్య సుమారు 1.84 లక్షల కోట్ల కోట్లు. అన్నిటినీ కంప్యూటర్ లెక్కల ద్వారానే పుట్టిస్తుంది. ఇంత పెద్ద విశ్వంలో మీకు ఇల్లూ వాకిలీ అన్నీ ఆ షిప్పే. అది మీ మాట వినే స్థితిలో లేకపోతే ఎంత అందమైన గ్రహమైనా జైలులా అనిపిస్తుంది.

షిప్ దిగకముందే చూడాల్సింది

షిప్‌ని పిలవడమంటే బటన్ నొక్కడమే కదా అని చాలామంది అనుకుంటారు. నా ఉద్దేశంలో ఆ పని కాక్‌పిట్‌లోంచి దిగకముందే మొదలవుతుంది. కారణం ఇది: నేల మీద నుంచి లేచిన ప్రతిసారీ లాంచ్ థ్రస్టర్ ఇంధనం ఖర్చవుతుంది. ఏ అప్‌గ్రేడ్లూ లేని మామూలు షిప్‌కి ఒక టేకాఫ్‌కి 25 శాతం పోతుంది. నిండు ట్యాంకుతో నాలుగుసార్లు లేవవచ్చన్నమాట. దూరం నుంచి పిలిచినప్పుడు కూడా షిప్ అక్కడ లేచి ఇక్కడికి రావాలి కదా, ఆ ఖర్చూ ఇదే ట్యాంకులోంచి పోతుంది. అక్కడ తగినంత లేకపోతే పిలుపు పనిచేయదు.

అందుకని దిగేముందు లెక్క చూసుకోండి. ట్యాంకులో 50 శాతం ఉంటే ఒకసారి పిలవడానికీ, తర్వాత ఎగిరి వెళ్లడానికీ సరిపోతుంది. 25 మాత్రమే ఉంటే ఆ షిప్‌ని వదిలి దూరం పోవద్దు. పిలిస్తే వస్తుంది గానీ మిమ్మల్ని ఎక్కించుకుని లేవలేదు. మా తమ్ముడు చేసిన పొరపాటు ఇదే. రాళ్ల కోసం, జంతువుల కోసం దిగుతూ లేస్తూ నాలుగు అవకాశాలూ గంటలో వాడేశాడు.

ఎక్కడ చూడాలి? ఇన్వెంటరీ తెరిచి, షిప్ ట్యాబ్‌లో టెక్నాలజీ భాగానికి వెళ్లండి. లాంచ్ థ్రస్టర్ గడి మీద ఎంత శాతం మిగిలిందో కనిపిస్తుంది. ఆ గడి మీద ఉంచి ఛార్జ్ చేసే బటన్ నొక్కితే మీ దగ్గరున్న ఇంధనాల జాబితా వస్తుంది.

ఇంధనం తయారీ

స్టార్‌షిప్ లాంచ్ ఫ్యూయల్ అనేదాన్ని మీరే తయారుచేసుకోవచ్చు. దానికి కావాల్సినవి రెండు: ఒక డై-హైడ్రోజన్ జెల్లీ, ఒక మెటల్ ప్లేటింగ్. జెల్లీకి 40 డై-హైడ్రోజన్ కావాలి. నేల మీద అక్కడక్కడా గుత్తులుగా మొలిచినట్టుండే నీలి స్ఫటికాలను కొడితే ఇది వస్తుంది. ప్లేటింగ్‌కి 50 ఫెర్రైట్ డస్ట్ చాలు. మామూలు రాళ్లను చేతిలోని మల్టీ-టూల్ అనే పరికరంతో పగలగొడితే దొరుకుతుంది. ఈ రెండూ దాదాపు ఎక్కడ దిగినా కళ్లముందే ఉంటాయి. రేడియేషన్ ఉన్న గ్రహాల్లో దొరికే యురేనియంతో నేరుగా కూడా నింపవచ్చు.

నేను పాటించే పద్ధతి ఒకటుంది. ఏ గ్రహం మీద దిగినా మొదటి ఐదు నిమిషాలూ ఇంధనం సరుకులకే. ట్యాంకు నిండుగా ఉన్నా సరే, రెండు లాంచ్ ఫ్యూయల్ తయారుచేసి ఒంటి మీది ఎక్సోసూట్ సంచిలో వేసుకుంటాను. షిప్ సంచిలో పెట్టను. షిప్ దూరంగా ఉన్నప్పుడు దాని సంచిలోని సరుకు చేతికి అందదు కదా.

ఈ విషయం చెబుతుంటే నాకు పీణ్య గుర్తొస్తుంది. గ్రీన్ లైన్ మెట్రోలో ఆ స్టేషన్ దాటినప్పుడల్లా మనసు అటే పోతుంది. ఇస్రో వ్యోమనౌకలతో మాట్లాడే ఇస్ట్రాక్ కేంద్రం ఉన్నది అక్కడే. 2023 ఆగస్టు 23న చంద్రుడి మీద దిగిన విక్రమ్ ల్యాండర్‌ని, సెప్టెంబరు 3న ఇంజన్లు మళ్లీ మండించి దాదాపు 40 సెంటీమీటర్ల ఎత్తు లేపి పక్కన దించారు. ట్యాంకులో ఇంధనం మిగలబట్టే అది సాధ్యమైంది. చంద్రుడి చుట్టూ తిరుగుతున్న ప్రొపల్షన్ మాడ్యూల్‌లో కూడా ఒక నెల పని తర్వాత 100 కిలోలకు పైగా ఇంధనం మిగిలింది. దాన్ని తిరిగి భూమి కక్ష్యలోకి తీసుకొచ్చారు. ఇక్కడి నుంచి పిలిస్తే అంత దూరం నుంచి ఒక నౌక తిరిగి వచ్చింది! ఆటలో లెక్క చాలా చిన్నదే, కానీ సూత్రం అదే.

ఎక్కడ దించాలి

అన్ని చోట్లా టేకాఫ్‌కి ఖర్చు ఉండదు. ల్యాండింగ్ ప్యాడ్ మీద నుంచి లేస్తే ట్యాంకులో చుక్క కూడా తగ్గదు. స్పేస్ స్టేషన్లు, స్పేస్ అనామలీ (ఆటగాళ్లంతా కలిసే, పిలిస్తే వచ్చే స్టేషన్), మీ ఫ్రైటర్ (షిప్పులను మోసే పెద్ద నౌక), గ్రహాల మీది ట్రేడింగ్ పోస్టులు, వీటన్నిటిలోనూ ఇది ఉచితమే. మీ సొంత బేస్‌లో ల్యాండింగ్ ప్యాడ్ కట్టుకుంటే అక్కడా అంతే. బేస్ దగ్గర నిలబడి షిప్‌ని పిలిస్తే అది వచ్చి ఆ ప్యాడ్ మీదే వాలుతుంది. ఒక గ్రహం మీద ఎక్కువ రోజులు పని ఉంటే నేను గదుల కన్నా ముందు ప్యాడ్ కడతాను.

ప్యాడ్ లేని చోట దిగాల్సి వస్తే గుహల ముఖాలకూ నీటికీ ఎడంగా, చదునైన నేల చూసుకోండి. ఒకే ప్రాంతంలో మూడు నాలుగు చోట్లు చూడాలనుకుంటే ప్రతి చోటుకూ ఎగరొద్దు. మధ్యలో ఒకచోట దించి మిగతాది నడవండి.

పిలిచే పద్ధతి

ఇది తేలిక. కంప్యూటర్ మీద ఎక్స్ కీ నొక్కితే క్విక్ మెనూ తెరుచుకుంటుంది. ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్ కంట్రోలర్లలో డి-ప్యాడ్ కింది బటన్. తెర కింది భాగంలో బొమ్మలు వరసగా వస్తాయి. వాటిలో వాహనాలను పిలిచే గుర్తు దగ్గరికి జరిగి, లోపల షిప్ బొమ్మను ఎంచుకోండి. ఒకటి కన్నా ఎక్కువ షిప్పులుంటే వాటి పేర్లన్నీ కనబడతాయి, కావాల్సినదాని మీద నొక్కండి. కొన్ని క్షణాల్లో ఆకాశంలోంచి వచ్చి మీకు దగ్గర్లో, వాలడానికి వీలున్న చోట దిగుతుంది.

పిలిచేటప్పుడు పైన ఆకాశం కనబడే చోట నిలబడాలి. గుహల్లో, కట్టడాల లోపల ఈ పిలుపు పనిచేయదు. బయటికొచ్చి, వీలైతే కాస్త చదునైన చోటికి నడిచి మళ్లీ ప్రయత్నించండి.

తుఫాను సమయంలో షిప్‌ని పిలవడం చాలా ఉపయోగం. గ్రహం ఎంత భయంకరమైనదైనా కాక్‌పిట్‌లో కూర్చున్నంతసేపూ మీ ఒంటికేమీ కాదు, సూట్ రక్షణ తనంతట తానే నిండుతుంది. ఆ ఒక్క పిలుపుకయ్యే 25 శాతం ప్రాణం కన్నా ఎక్కువ కాదు. తుఫాను హెచ్చరిక వినబడగానే పిలవండి. చూపు ఆనక, ఊపిరి తగ్గాక మెనూ వెతుక్కోవడం టెన్షన్.

పిలిచినా రాకపోతే

కారణాలు నాలుగైదుకు మించవు. ట్యాంకు ఖాళీ కావచ్చు. మీరు నిలబడ్డ చోటు మూసుకుని ఉండవచ్చు. లాంచ్ థ్రస్టర్ దెబ్బతిని ఉండవచ్చు, అలాగైతే దాన్ని బాగుచేసే దాకా షిప్ కదలదు. ఆట మొదట్లో ఇచ్చే షిప్ పరిస్థితి ఇదే. థ్రస్టర్‌నీ పల్స్ ఇంజన్‌నీ బాగుచేస్తే గానీ అది లేవదు. ఆట ఆ మెట్లన్నీ తెర మీదే చెబుతుంది కాబట్టి ఇక్కడ వివరించను.

ట్యాంకు ఖాళీ అయి, షిప్ దూరంగా ఉంటే ఏం చేయాలి? మా తమ్ముడికి ఆ రోజు చెప్పింది ఇది. ముందు దిక్సూచిలో షిప్ గుర్తు ఎటుందో చూడమన్నాను. దాని మీద చూపు నిలిపితే దూరం కనబడుతుంది. దారిలో పసుపు పూల మొక్కలు కనబడితే కోయమన్నాను. వాటిలో సోడియం ఉంటుంది, విషపు వానలో సూట్ రక్షణను అదే నిలబెడుతుంది. ఎర్ర మొక్కల్లోని ఆక్సిజన్ లైఫ్ సపోర్ట్‌కి పనికొస్తుంది. వాన ముదిరినప్పుడు గుహలోకి దూరి, రక్షణ నిండాక బయటికి రావాలి. అలా గుహ నుంచి గుహకు నడుస్తూ, మధ్యలో నీలి స్ఫటికాలనూ రాళ్లనూ కొడుతూ, 40 డై-హైడ్రోజన్, 50 ఫెర్రైట్ సంపాదించాడు. షిప్ దగ్గరికి చేరి ఇంధనం తయారుచేసి నింపాడు. "లేచింది అన్నా!" అన్నప్పుడు వాడి గొంతులో ఉన్న సంతోషం నాకిప్పటికీ గుర్తుంది.

ఇంకో షిప్ ఉన్నవాళ్లకు దారి దగ్గర. మొదటిది కదలకపోతే రెండోదాన్ని పిలవండి. దానిలో ఇంధనం ఉంటే వచ్చి ఎక్కించుకుంటుంది. ఈ ఒక్క కారణానికే రెండో షిప్ తొందరగా సంపాదించమంటాను.

గ్రహం మీద కరెంటున్న టెలిపోర్టర్ కట్టుకుని ఉంటే మూడో దారి కూడా ఉంది. దానిలోంచి స్పేస్ స్టేషన్‌కి వెళ్లండి. మీ షిప్ కూడా మీతోపాటు ఆ స్టేషన్‌కి చేరుతుంది, అక్కడి నుంచి లేవడానికి ఇంధనం అక్కర్లేదు. బేస్ కట్టుకున్న గ్రహంలో ఇరుక్కుపోయే ప్రశ్నే రాదు.

అంతరిక్షంలో మరో రెండు ట్యాంకులు

లాంచ్ థ్రస్టర్ లేవడానికి మాత్రమే. గ్రహాల మధ్య వేగంగా పోవడానికి పల్స్ ఇంజన్, నక్షత్రాల మధ్య దూకడానికి హైపర్‌డ్రైవ్. ఈ మూడింటికీ ఇంధనాలు వేరువేరు. చాలామంది కొత్తవాళ్లు ఇక్కడే తికమకపడతారు.

పల్స్ ఇంజన్‌కి ట్రిటియం. దారిలో తేలుతున్న గ్రహశకలాలను కాలిస్తే చాలు, కావాల్సినంత దొరుకుతుంది. దీని గురించి ఎప్పుడూ బెంగపడక్కర్లేదు.

హైపర్‌డ్రైవ్‌కి వార్ప్ సెల్స్ కావాలి. యాంటీమ్యాటర్, యాంటీమ్యాటర్ హౌసింగ్ కలిపి ఒక సెల్ చేస్తారు. ఐదు సెల్స్ పని ఒక్క వార్ప్ హైపర్‌కోర్ చేస్తుంది. పసుపు నక్షత్రాలకు మామూలు డ్రైవ్‌తోనే వెళ్లవచ్చు. ఎర్ర నక్షత్రాలకు కాడ్మియం డ్రైవ్, ఆకుపచ్చ వాటికి ఎమెరిల్ డ్రైవ్, నీలి వాటికి ఇండియం డ్రైవ్ బిగించాలి. 2025 జనవరిలో వచ్చిన ఊదారంగు నక్షత్రాలకు అట్లాంటిడ్ డ్రైవ్ కావాలి.

దొంగలు దాడి చేస్తే షిప్ డిఫ్లెక్టర్ షీల్డ్‌ని సోడియంతో నింపవచ్చు, పోరాటం మధ్యలోనే, క్విక్ మెనూలోంచి. నడకలో మీ ఒంటిని కాపాడిన సోడియమే ఇక్కడ షిప్‌నీ కాపాడుతుంది. అందుకే సోడియం నా సంచిలో ఎప్పుడూ ఒక గడి నిండా ఉంటుంది.

ఒకటి కన్నా ఎక్కువ షిప్పులు

ఇప్పుడు ఒక ఆటగాడు 12 షిప్పుల దాకా ఉంచుకోవచ్చు. స్టేషన్లలో, ట్రేడింగ్ పోస్టుల్లో దిగే షిప్పుల పైలట్ల దగ్గరికెళ్లి యూనిట్లు (ఆటలోని డబ్బు) ఇచ్చి కొనవచ్చు. కొనేటప్పుడు పాతది ఇచ్చి మార్చుకోవడమా, పాతది ఉంచుకుని కొత్తది కలుపుకోవడమా అని ఆట అడుగుతుంది. తొందరపడి నొక్కవద్దు. మార్చుకునేటట్టయితే పాతదానిలోని సరుకంతా ముందే మీ సంచిలోకి తెచ్చుకోండి. డబ్బు లేనివాళ్లకు కూలిపోయిన షిప్పులున్నాయి. ఆపద సంకేతాల వెంట వెళితే అవి కనబడతాయి. ఉచితమే, కానీ బాగుచేసేందుకు చాలా సరుకు పోయాలి.

రకాల సంగతికొస్తే, ఫైటర్ పోరాటానికి, హాలర్ సరుకుకి, ఎక్స్‌ప్లోరర్ దూరపు దూకుళ్లకు. షటిల్ అన్నిటికీ మధ్యస్థం. నా సలహా ఏమిటంటే రెండో షిప్‌గా ఎక్స్‌ప్లోరర్ తీసుకోండి. 2025 ఆగస్టు చివర్లో కార్వెట్‌లు కూడా వచ్చాయి. ముక్కలు ముక్కలుగా మీరే కట్టుకుని లోపల నడవగలిగే పెద్ద షిప్పులవి. వాటి మీద విడిగా రాయాల్సినంత ఉంది.

మిగతా షిప్పులు మీ ఫ్రైటర్ హ్యాంగర్‌లో ఉంటాయి. ఫ్రైటర్ అంటే ఇంటిని వెంటేసుకు తిరగడమే. దొంగల బారిన పడ్డ ఒక ఫ్రైటర్‌ని కాపాడితే మొదటిది ఉచితంగా దొరుకుతుంది. దాన్ని పిలవాలంటే మాత్రం మీరు షిప్‌లో కూర్చుని అంతరిక్షంలో ఉండాలి, గ్రహం మీద నిలబడి కాదు. స్పేస్ అనామలీ కూడా అంతే. ఫ్రైటర్‌లో మ్యాటర్ బీమ్ అనే టెక్నాలజీ బిగిస్తే, అది అదే నక్షత్ర మండలంలో ఉన్నంతసేపూ దాని సరుకు మీకు దూరం నుంచే అందుతుంది. నేల మీద తిరిగే బండ్లు, అంటే ఎక్సోక్రాఫ్ట్‌లు, పిలవడానికి ఆ గ్రహం మీద జియోబే కట్టి ఉండాలి. లేదా ఫ్రైటర్‌లో వాటి కోసం ప్రత్యేక గది ఉండాలి.

షిప్పులు పెరిగాక పేర్లు మార్చుకోవడం మరవొద్దు. పిలిచే జాబితాలో కనబడేది పేరే. నా వాటికి "ట్యాంకు నిండు", "సరుకు", "దూరం" అని ఇంగ్లీషు అక్షరాలతో పెట్టుకున్నాను. "ట్యాంకు నిండు" అనేదాన్ని మామూలుగా వాడను. ఆపదలో పిలవడానికి నిండుగా ఉంచే షిప్ అది.

ఖర్చు తగ్గించే అప్‌గ్రేడ్లు

చేతికి నానైట్లు (ఆటలోని ఇంకో రకం డబ్బు) రాగానే ముందు తీసుకోవాల్సింది లాంచ్ సిస్టమ్ రీఛార్జర్. కాలం గడిచేకొద్దీ ట్యాంకుని తనంతట తానే నింపుతుంది. తర్వాత ఎఫిషియంట్ థ్రస్టర్స్, ఇది ప్రతి టేకాఫ్ ఖర్చూ తగ్గిస్తుంది. రెండిటి నమూనాలూ స్పేస్ అనామలీలో దొరుకుతాయి. ఇవి రెండూ బిగిస్తే పైన రాసిన ఇంధనం బెంగలో సగం పోతుంది. ఆయుధాల కన్నా ముందు వీటినే కొనండి. చాలామంది తుపాకులతో మొదలుపెట్టి తర్వాత నడుస్తూ బాధపడతారు.

ఒకే రకం మాడ్యూల్స్ మూడుకు మించి పెట్టవద్దు. నాలుగోది పెడితే ఓవర్‌లోడ్ అయి పనిచేయడం మానేస్తాయి. ఒకే జాతి టెక్నాలజీలను పక్కపక్క గడుల్లో ఉంచితే అంచు రంగు మారి అదనపు బలం వస్తుంది. మెరిసే సూపర్‌ఛార్జ్‌డ్ గడులుంటే మీరు ఎక్కువగా వాడేదాన్ని అక్కడ పెట్టండి.

షిప్ తరగతి కూడా పెంచుకోవచ్చు. స్పేస్ స్టేషన్‌లోని టెర్మినల్ దగ్గర సి నుంచి బి కి 10,000 నానైట్లు, బి నుంచి ఏ కి 25,000, ఏ నుంచి ఎస్ కి 50,000. మొత్తం 85,000. మీ మనసుకు నచ్చిన షిప్ కోసమైతేనే అంత ఖర్చు పెట్టండి. అక్కడే పనికిరాని షిప్‌ని తుక్కుగా కూడా మార్చవచ్చు. తుక్కు చేసేది మీరు అప్పుడు వాడుతున్న షిప్‌ని. అందుకే ఆ బటన్ ముందు పేరు రెండుసార్లు చదవండి.

ఇంధనం లెక్కలు ఆట ఆనందాన్ని పాడుచేస్తున్నాయనిపిస్తే, డిఫికల్టీ సెట్టింగ్స్‌లో ఇంధన వినియోగాన్ని తగ్గించుకోవచ్చు. పిల్లలతో ఆడేవాళ్లు అలాగే చేయాలి. వాళ్లు ఎగరడం ఆనందించాలి గానీ రాళ్లు కొడుతూ కూర్చోకూడదు.

దిగితే సేవ్ అవుతుంది

చివరిగా చెప్పినా ఇది ముఖ్యమైనది. షిప్‌లోంచి బయటికి దిగిన ప్రతిసారీ ఆట తనంతట తానే సేవ్ అవుతుంది. మా ఇంట్లో వానాకాలం సాయంత్రాలు చెప్పకుండా కరెంటు పోతుంది. ఇన్వర్టర్ మీద ల్యాప్‌టాప్ నడుస్తుంది గానీ, డెస్క్‌టాప్ ఆగిపోతుంది. అందుకని బయట ఉరుము వినబడితే, ఆటలో ఎక్కడున్నా షిప్‌ని పిలుస్తాను. ఎక్కి మళ్లీ దిగుతాను. పిలుపుకి కొంత ఇంధనం ఖర్చవుతుంది, కానీ రెండు గంటల తిరుగుడు పదిలంగా ఉంటుంది. తెర మూలన సేవ్ గుర్తు కనబడ్డాకే కంప్యూటర్ ఆపుతాను.